సంక్రాంతి సంబరాల్లో పెయింటింగ్ మూల: 24 మంది, ఒక గోదారి, బాబ్ రాస్ పద్ధతి

సమన్వయం:
హాలువాళ్లు కిటికీల వైపు మూల మనకిచ్చారండి. ఆరు బల్లలు, బల్లకి నలుగురు. భోజనాలయ్యాక 2 నుంచి 4 దాకా మనదే. "అరగంటలో ఆయిల్ పెయింటింగ్" అని ఫ్లయర్‌లో వేద్దామని పబ్లిసిటీవాళ్లు అడుగుతున్నారు. వేయమనేనా?

నేర్పేవారు:
అరగంట మాట తీసేయించండి బాబూ. అమెరికా టీవీలో బొమ్మలు నేర్పిన బాబ్ రాస్ గారు అరగంటలో వేసింది అప్పటికే ఒకసారి వేసేసిన బొమ్మ. ప్రతి ఎపిసోడ్‌కీ అదే బొమ్మ మూడుసార్లు వేసేవారు. మొదటిది ముందే వేసి, కెమెరాకి కనబడని చోట పెట్టుకునేవారు. దాన్ని చూస్తూ వేసే రెండోదే మనం చూసేది. మూడోది పుస్తకం కోసం తీరుబడిగా. పైగా షో మొదలయ్యేసరికే కాన్వాస్‌కి తెల్లపూత వేసి ఉంటుంది. బడి వదిలాక బ్రష్షు ముట్టనివాళ్లకి గంటన్నర పెట్టండి, సర్దుకోడానికి అరగంట.

సామాన్లు:
అక్కా, ఆక్రిలిక్ అయితే చవక, వాసన ఉండదు, సాయంత్రానికి ఆరిపోతుంది. ఆయిలే కావాలా?

నేర్పేవారు:
ఆరకపోవడంలోనే ఉంది తమ్ముడూ కిటుకంతా. తడి రంగు మీద తడి రంగు కలవాలి, ఆయన పద్ధతి అదే. హీటర్ గాలికి ఆక్రిలిక్ నిమిషాల్లో బిగుసుకుపోతుంది. మళ్లీ బ్రష్షు తిప్పావంటే ఆకాశం నునుపవదు సరికదా, సగం ఆరిన రంగు పెచ్చులుగా లేచొస్తుంది. ఆయిలే తెద్దాం, సైజు తగ్గిద్దాం. ఆయన వాడింది 18 బై 24 అంగుళాలు, మనకి 12 బై 16 చాలు. రంగు సగం కూడా పట్టదు.

ఆయన రంగుల పలకలో ఉన్నవన్నీ వద్దు. టైటానియం వైట్, థాలో బ్లూ, అలిజరిన్ క్రిమ్సన్, కాడ్మియం ఎల్లో, శాప్ గ్రీన్, వాన్ డైక్ బ్రౌన్, ఈ ఆరూ చాలు. తెలుపు మనిషికి 12 మి.లీ. వేసుకో, మొత్తం 288, అంటే 200 మి.లీ. ట్యూబులు రెండు. బ్రౌన్, గ్రీన్ మనిషికి 4 మి.లీ., 37 మి.లీ. ట్యూబులు మూడేసి. ఎల్లో, క్రిమ్సన్ రెండేసి. థాలో బ్లూ ఒక్క ట్యూబే, అదీ నువ్వే పంచు. మిరియం గింజంత చాలు దానికి. బఠానీ అంత పెట్టామా, ఆకాశం రిన్ నీలం బకెట్టే.

తెల్లపూతకి ఆ తెలుపులోంచే కొంచెం తీసి, లిన్సీడ్ ఆయిల్ చుక్కచుక్కగా పోసి, గరిటె జారుగా కలపాలి. మనిషికి ఒక టీస్పూను. దీని దగ్గరే ఎక్కువమంది దెబ్బతింటారు. అడ్డంగా, నిలువుగా గట్టిగా రుద్దాలి. తర్వాత వేలితో తాకితే వేలిగీతలు కనబడేంత పలచగా తెలుపు అంటాలి. ముద్దగా అంటిందంటే ఎక్కువైనట్టే, టిష్యూతో ఒత్తి తీసేయించండి. వదిలేస్తే పైన వేసే ప్రతి రంగూ సున్నం కలిసినట్టు పాలిపోతుంది, చెట్లు జారిపోతాయి.

సమన్వయం:
మరి బొమ్మ? ఆయన కొండలూ మంచూ కదా. మన డెల్టాలో కొండేదండీ?

అమలాపురం డ్రాయింగు మాస్టారు:
కొండ జోలికి పోకండి. కోటిపల్లి రేవులో నిలబడి ముక్తేశ్వరం వైపు చూసిన సాయంత్రం వేయించండి. గౌతమి, అవతలి గట్టున కొబ్బరి వరస, ఇవతల ఒక చెట్టు, ఒక నాటుపడవ. రేవు దాటించే పంటు వద్దు, దాని రెయిలింగుల దగ్గర అందరూ ఆగిపోతారు. ప్రభలు కూడా ఈసారికి వద్దు.

సంక్రాంతి రోజుల నీళ్లు కాబట్టి నీలం, గులాబి. బ్రౌన్ ఎక్కువైతే ఆషాఢం ఎర్రనీరు అయిపోతుంది. బ్రష్షు రెండంచుల నుంచీ మధ్యకి అడ్డంగా లాగి, నడుమ వెలుగు వదిలేయాలి. అవతలి గట్టుకి గ్రీన్‌లో క్రిమ్సన్ కలిపితే చాలు, నలుపు కొనక్కర్లేదు. బ్రష్షు మూలతో పొడిచి, దాని కిందనే పొడి బ్రష్షుతో నిలువుగా కిందికి లాగి, ఆపైన ఒక్కసారి అడ్డంగా, బరువు వేయకుండా తుడిస్తే నీడ నీళ్లలో పడిపోద్ది. రెండోసారి తుడవకూడదు, బురదయిపోద్ది.

ఇక కొబ్బరిచెట్టు. అందరూ గొడుగు వేస్తారు: ఒకే చోట నుంచి ఊచల్లా ఎనిమిది గీతలు. చెట్టు అలా ఉండదండి. నడుమ మొవ్వు నిటారుగా, చుట్టూ లేత మట్టలు పైకి లేచి చివర వంగుతాయి, ముదురు మట్టలు మానుని ఆనుకుని వేలాడతాయి. ముందు మట్ట ఈనెని ఒక వంపుగా గీయండి, ఆకులు దాని మీంచి కిందికి జారాలి. చేప ముల్లులా రెండు పక్కలా సమానంగా పెడితే కాగితం పువ్వే. మొదలు లావుగా ఉబ్బి, మాను నీటి వైపు ఒరిగి, ఆపైన నిటారవుతుంది. ఈ మట్టలకి రంగుని థిన్నర్‌తో సిరాలా పలచన చేసి సన్న బ్రష్షుతో వేయాలి. చిక్కటి రంగు మీద పలచటిదే అంటుకుంటుంది. చిక్కటి గ్రీన్ తెస్తే కింది ఆకాశాన్ని గీరుకుని వచ్చేస్తుంది.

యాంకరింగ్:
రెండు నిమిషాల పరిచయం రాశాను. "సైన్యంలో తుపాకీ పట్టిన చేతులతో కొత్త పద్ధతి కనిపెట్టి" అని మొదలవుతుంది. ఓకేనా?

నేర్పేవారు:
ఆ వాక్యంలో రెండూ తప్పేనమ్మా. ఆయన స్నైపర్, అంటే చాటుగా గురిపెట్టి కాల్చే సైనికుడు అన్నది పుకారు. ఆయన పనిచేసింది అమెరికా వైమానిక దళంలో, మెడికల్ రికార్డుల విభాగంలో. 1961లో చేరి 20 ఏళ్లు. ఫ్లోరిడాలో పుట్టినాయన మంచుకొండలు చూసింది అలాస్కా పోస్టింగులోనే. పద్ధతీ ఆయన కనిపెట్టింది కాదు. తడి మీద తడి యూరప్‌లో శతాబ్దాల నాటిది. దాన్ని టీవీలో ముందు నేర్పింది జర్మనీలో పుట్టిన బిల్ అలెగ్జాండర్, ఆయన దగ్గరే ఈయన నేర్చుకున్నారు. ఇవి రాసుకో: పుట్టింది 1942 అక్టోబరు 29, షో 1983 నుంచి 1994 దాకా, 31 సీజన్లు, సీజన్‌కి 13 చొప్పున 403 ఎపిసోడ్లు. 1995 జూలై 4న లింఫోమా అనే క్యాన్సర్‌తో పోయారు. షోకి పారితోషికం లేదు, ఆదాయం చాలావరకు క్లాసులూ రంగుల అమ్మకం మీదే. ఆ జుట్టు కూడా పుట్టు రింగులు కాదు, క్షవరం ఖర్చు కలిసొస్తుందని పెర్మ్ చేయించుకున్నది.

ఆ జుట్టులాంటి విగ్గు సరదాకి పెట్టుకోండి గానీ, ఆయన ముఖం ఫ్లయర్ మీద వద్దు. టికెట్ పెడుతున్నాం, ఆ హక్కులు ఆయన పేరిట ఉన్న కంపెనీవి.

మాస్టారు:
పరిచయంలో మన రాజమండ్రి చిత్రకారుడు దామెర్ల రామారావు గారిదీ ఒక ముక్క చేర్చమ్మా. 1897లో పుట్టి 1925లో, 28 నిండకుండానే పోయారు. ఆయన బొమ్మల గ్యాలరీ రాజమండ్రిలో ఇప్పటికీ ఉంది.

సామాన్లు:
థిన్నర్‌కి హాలువాళ్లు ఒప్పుకుంటారా?

నేర్పేవారు:
వాసన లేనిది, మూత ఉన్న డబ్బాలో, బల్లకి ఒక్కటి అని రాసి అడుగు. కిటికీలు తెరిచే ఉండాలి. ఆయన కడిగిన బ్రష్షుని కాన్వాస్ నిలబెట్టే ఈజిల్ కాలికేసి కొట్టినట్టు మనవాళ్లు కొడితే పక్కావిడ పట్టుచీర గోవిందా. చెత్తబుట్ట లోపలివైపు కొట్టించండి. అన్నిటికన్నా ముఖ్యం, లిన్సీడ్ ఆయిల్ అంటిన గుడ్డలూ టిష్యూలూ. ఉండచుట్టి చెత్తలో పడేస్తే లోపల వేడెక్కి వాటంతటవే అంటుకుంటాయి. నీళ్లు పోసిన ఇనప డబ్బా ఒకటి పెట్టి, అన్నీ అందులోనే వేయించి మూత పెట్టండి. సింకులో రంగు కడగనివ్వద్దు.

సమన్వయం:
తడి బొమ్మలు ఇంటికెలాగండీ?

నేర్పేవారు:
18 అంగుళాల ఖాళీ పిజ్జా పెట్టెలు 26, రెండు అదనంగా. కాన్వాస్ వెనక డబుల్ టేపు అంటించి అడుగుకి నొక్కేస్తే కదలదు. పలచటి చోట ఆరడానికి వారం, తెలుపు మందంగా పడితే మూడు వారాలు. పెట్టె మీద మార్కర్‌తో "ఈ వైపు పైకి" అని తమ్ముడు ముందే రాసుకుని వస్తే మంచిది.

సామాన్లు:
రాసేస్తాను. పెట్టెలు నా లెక్కలో వేసుకోండి, కాన్వాసులు 26, బ్రష్షులు శనివారానికల్లా.