రోసా రోసాల్: వ్యాంప్ వేషాల నుంచి తల్లి పాత్రకు ఎలా వచ్చారు?

ప్రశ్న:
నేను ఫిలిప్పీన్స్‌లోని దవావోలో వైద్యవిద్య చదువుతున్నాను. ఇక్కడి రక్తదాన శిబిరంలో ఒక పెద్దావిడ రోసా రోసాల్ పేరును ఎంతో భక్తిగా తలచుకుంటే, ఎవరో వైద్యురాలు కాబోలు అనుకున్నాను. తీరా చూస్తే ఆమె 1950ల నాటి సినీతార అనీ, వ్యాంప్ వేషాలకు పేరుపడ్డారనీ తెలిసింది. నిన్న చూసిన ‘బియాయా నాంగ్ లూపా’ (1959)లో మాత్రం ఆమె ఎదిగిన బిడ్డల తల్లి. ఈ మార్పు ఎలా వచ్చిందో తెలిసినవారు వివరించగలరా?

సమాధానం 1:
రెండో ప్రపంచ యుద్ధానంతర మనీలాలో సినిమా రంగం ఎల్‌వీఎన్, సంపగీతా, ప్రీమియర్ వంటి పెద్ద సంస్థల చేతిలో ఉండేది. తారలు వాటితో ఒప్పందం కుదుర్చుకుని పనిచేసేవారు. అణకువగల నాయిక వేషం ఒకరికి, ఆమె కాపురంలో చిచ్చుపెట్టే వేషం మరొకరికి అన్నట్టు పంపకం జరిగేది. ఎల్‌వీఎన్‌లో రోసాల్‌కు ఆ రెండో కోవ దక్కింది. ఆమెకు ఫమాస్ (ఫిలిప్పీన్స్ సినీ అకాడమీ) ఉత్తమ నటి పురస్కారం తెచ్చిన ‘సనీ బాయ్’ (1955) వచ్చిన మరుసటి ఏడాదే, దర్శకుడు లాంబెర్తో అవెల్యానా ఆమెకు ‘అనాక్ దాలితా’ ఇచ్చారు. 1945 మనీలా పోరులో కూలిన ఇంట్రామురోస్‌లో (మనీలా పాత కోటనగరం), శిథిలమైన చర్చి గోడల నడుమ గుడిసెలు వేసుకున్న పేదల మధ్య, నైట్‌క్లబ్ పనితో పొట్టపోసుకునే సీతా పాత్ర అది (పేరు మన సీతలాగే వినిపిస్తుంది). పైకి అదీ పాత ముద్ర ఉన్న వేషమే. అయితే కొరియా యుద్ధం నుంచి తిరిగొచ్చిన సైనికుడి పక్కన నిలబడినప్పుడు ఆమె ముఖంలో కనిపించే అలసట వ్యాంప్‌ది కాదు, యుద్ధం మిగిల్చిన ఊరిది. ఆ ఏడాది హాంకాంగ్‌లో జరిగిన ఆసియా చలనచిత్రోత్సవంలో ఆ చిత్రమే ఉత్తమ చిత్రమైంది.

సమాధానం 2:
పై సమాధానంతో ఏకీభవిస్తూనే ఒక మాట. నా దృష్టిలో ఆమె అసలు పరీక్ష మాన్యుయెల్ సీలోస్ తీసిన ‘బియాయా నాంగ్ లూపా’యే. గుత్తులుగా కాసే లాన్సోనెస్ పండ్ల మొక్కలను కొత్త దంపతులు నాటడం నుంచి, భర్త హత్యకు గురైన తరువాత ఆ తోటనూ బిడ్డలనూ ఆమె ఒంటిచేత్తో కాపాడుకోవడం దాకా, ఒకే నటి కొత్త పెళ్లికూతురి నుంచి నడివయసు దాకా సాగాలి. అప్పటికి ఆమె వయసు ముప్పై చిల్లర మాత్రమే. ఆ చిత్రం 1960 బెర్లిన్ చలనచిత్రోత్సవంలో పోటీపడింది.

సమాధానం 3:
మీరు శిబిరంలో విన్న భక్తికి కారణం వేరు. ఆమె 1950లోనే రెడ్‌క్రాస్‌లో స్వచ్ఛంద సేవకురాలిగా చేరారు. అంటే తెర మీద వ్యాంప్‌గా కనిపిస్తున్న ఏళ్లలోనే రక్తదాతల కోసం తిరిగారు. 1965లో ఆ సంస్థ పాలకమండలిలోకి వచ్చారు. 1999లో ప్రజాసేవకు రామన్ మెగసెసే పురస్కారం లభించింది. మన శాంతా సిన్హా గారికి 2003లో దక్కినదీ అదే పురస్కారం.

ప్రశ్న అడిగినవారు:
అందరికీ ధన్యవాదాలు. తరువాత ఏది చూడమంటారు?

సమాధానం 1:
‘బజావ్’ (1957) చూడండి. సముద్రం మీదే బతికే బజావ్ యువకుడూ, తౌసుగ్ అనే మరో తెగ యువతీ ప్రేమించుకునే కథ. దర్శకుడు అవెల్యానాయే, ఆ యువతి రోసాల్. మీరున్న మిందనావో దీవికి ఆ సులూ సముద్రం దగ్గరే కదా.