గాయ్‌తొండే తరహా ఆయిల్ పొరలు పగలకుండా వేయడం ఎలా?

కావలి కుంచె:
మన దేశపు చిత్రకారుడు వి.ఎస్. గాయ్‌తొండే చిత్రాల్లో రంగు లోపల్నుంచి వెలుగుతున్నట్టు ఉంటుంది. రోలర్‌తో అలా పొరలు కట్టే వరస ఏంటి? అడుగున నూనె బాగా కలిపి, మూడో రోజు పైన టర్పెంటైన్‌తో పల్చగా వేస్తే సన్నటి పగుళ్లు వస్తున్నాయి. మన ఎండలకేనా?

పెన్నా గట్టు:
ఎండ కాదండీ, వరస తిరగబడింది. ఆయిల్ రంగు ఆవిరై ఆరదు, గాలిలోని ఆక్సిజన్‌తో కలిసి గట్టిపడుతుంది. నూనె ఎక్కువున్న పొర నెలల తరబడి కదులుతూనే ఉంటుంది. దాని మీద త్వరగా బిగుసుకునే పొర వేస్తే చీలక తప్పదు.
అడుగు పొరకు రంగు, కాస్త టర్పెంటైన్, అంతే. రెండోదానికి టర్పెంటైన్ రెండు పాళ్లు, అవిసె నూనె ఒక పాలు. ఆ పైన సగం సగం. నూనె అంతకు మించితే మీగడలా తొక్క కట్టి ముడతలు పడుతుంది. హార్డ్‌వేర్ షాపు డబల్ బాయిల్డ్ నూనె వద్దు, పసుపెక్కుతుంది. జింక్ వైట్ పెళుసు, టైటానియం వైట్ వాడండి. ఆరిందో లేదో తేదీలు లెక్కబెట్టి తేల్చకండి. తెల్లగుడ్డతో రుద్దితే రంగు అంటిందా, ఆగాల్సిందే.

ఒంగోలు రంగులు:
గాయ్‌తొండే రోలర్‌తో, పాలెట్ నైఫ్‌తో (రంగులు కలిపే పల్చటి కత్తి) రంగు పరిచి, కాగితం ముక్కలు ఒత్తి తీసి ఆకారాలు రాబట్టేవారు. అచ్చు లేని న్యూస్‌ప్రింట్ తీసుకోండి, లేకుంటే సిరా దిగుతుంది. తడి రంగు మీద పరిచి, పొడి రబ్బరు రోలర్ ఒక్కసారి తేలిగ్గా నడిపి, మూల పట్టి వెంటనే లేపాలి. కాగితం నూనె లాగేస్తుంది కాబట్టి ఈ పని కింది పొరల్లో చేయడమే మేలు.
ఆయన 1924లో నాగ్‌పూర్‌లో పుట్టారు, 1948లో ముంబై జేజే ఆర్ట్ స్కూల్ డిప్లొమా, 1964లో రాక్‌ఫెల్లర్ ఫెలోషిప్ మీద న్యూయార్క్. జెన్ అనే బౌద్ధ ధ్యాన మార్గపు ఆలోచన ఆయనకు చాలా దగ్గర. బయటి వస్తువును చూసి కుదించిన బొమ్మలు కావవి, అందుకే అబ్‌స్ట్రాక్ట్ (నైరూప్యం) అనే ముద్రను ఆయన ఒప్పుకోలేదు. ఏడాదికి చేసినవి కొద్ది చిత్రాలే, మిగతా కాలమంతా చూడటం, ఆలోచించడం. మూడో రోజే రెండో పొర వేసేస్తే ఆ చూసే గడువే పోతుంది. నా దృష్టిలో పగుళ్లకన్నా అదే పెద్ద నష్టం.

కావలి కుంచె:
మరి అక్టోబర్ నుంచి డిసెంబర్ దాకా వానల్లో ఎట్లా అన్నా?

పెన్నా గట్టు:
అప్పుడు మందపు పొరలు పెట్టుకోకండి, ఆరడం బాగా ఆలస్యమవుతుంది. కాన్వాస్ గోడకు రెండంగుళాలు ఎడంగా ఉంచండి, ఆనిస్తే వెనక బూజు పడుతుంది. వార్నిష్ ఆరు నెలల తర్వాతే. ఇంకొకటి, నూనె గుడ్డలు ఉండ చుట్టి మూలన పడేయొద్దు, వాటంతటవే వేడెక్కి అంటుకుంటాయి. విప్పి ఆరుబయట ఆరేయండి, లేదా మూతున్న డబ్బాలో నీళ్లు పోసి ముంచండి.