కార్తీక పౌర్ణమి సముద్ర స్నానాలు: ఈత వచ్చినోళ్ళని కూడా తాడు దగ్గరే ఆపాలా?

పెన్నగట్టు (నెల్లూరు):
పౌర్ణమికి మైపాడు, కోడూరు, అటు కొత్తపట్నం, పాకల ఒడ్డుకు జనం పోటెత్తుతారు. ఈశాన్య రుతుపవనం, వాయుగుండాలు అన్నీ ఈ నెలల్లోనే. నా మాట ఒకటే: నడుము లోతులో తాడు కట్టాలి, దాన్ని ఎవరూ దాటకూడదు. ఈత వచ్చినా సరే.

అలల_ఒంగోలు:
ఒప్పుకోను. మనుషుల్ని తీసుకుపోయేది లోతు కాదు, లాగుడు. అలలు నీళ్ళ అడుగునుండే ఇసుక మెట్టల మీద విరిగి ఒడ్డుకొస్తాయి, ఆ నీళ్ళన్నీ మెట్టల మధ్య సందులోంచి తిరిగి లోపలికి పోతాయి. సందు దగ్గర అల విరగదు, నురుగు తక్కువ, నీళ్ళు కాస్త ముదురు రంగులో ఉంటాయి. నెమ్మదిగా ఉందని పిల్లల్ని తీసుకుని అక్కడే దిగుతారు. వేగం సెకనుకు 2 మీటర్ల దాకా పోగలదు, ఎదురీదితే ఎంతటివాడైనా అలిసిపోతాడు. కానీ అది కిందికి లాగదు, లోపలికే తీసుకుపోతుంది. వెల్లకిలా తేలి ఊపిరి నిలబెట్టుకోవాలి, ఒడ్డుకు సమాంతరంగా పక్కకి ఈదాలి, అలలు విరిగే చోటికి చేరాక వాటితోపాటు ఏటవాలుగా ఒడ్డెక్కాలి. ఇది తెలిసినవాళ్ళు జంటగా, నడుముకి నారింజ రంగు బెండు కట్టుకుని ఈదితే తప్పేంటి? సముద్రపు ఈతని మించిన వ్యాయామం లేదు.

సరుగుడుతోపు:
ముందు ఏ తాడో తేల్చండి. నైలాన్ తాడు మునుగుతుంది, కాళ్ళకి చుట్టుకుంటుంది. పాలీప్రొపిలీన్ తేలుతుంది. దానికి వల బెండ్లు దగ్గర దగ్గరగా కట్టాలి.

కావలి_అక్కయ్య:
ఆడవాళ్ళ సంగతి ఎవరూ ఎత్తలేదు. తడిసిన చీర కాళ్ళకి చుట్టుకుంటే ఈత వచ్చినా కాళ్ళు ఆడవు. చీరతో అయితే మోకాలి లోతు దాటొద్దు. కూర్చుని చెంబుతో పోసుకున్నా స్నానమే.

పెన్నగట్టు:
ఒంగోలన్నా, మీరు ఈత పాఠం చెప్తున్నారు. తెల్లవారుజామున చీకట్లో నురుగు ఎవరికి కనపడుద్ది? మీరు లోపలికి పోతే మిమ్మల్ని చూసి ఈత రాని కుర్రాళ్ళు పదిమంది వెనకే వస్తారు.

అలల_ఒంగోలు:
ఈత రానివాడి కోసం వచ్చినవాడికి శిక్షా? రోడ్డు మీద ప్రమాదాలు జరుగుతాయని డ్రైవింగ్ మాన్పిస్తారా?

సరుగుడుతోపు:
తాడు కట్టే బొంగుల మాట కూడా చెప్పాలి. సరుగుడు బొంగులు అలల్లో పాతితే మొదలు దగ్గర ఇసుక తోడుకుపోయి మధ్యాహ్నానికే వాలిపోతాయి. ఇసుక మూటలు లంగరుగా వేసి తాడు కట్టాలి.

పాళెం_మనిషి (ఇందుకూరుపేట మండలం):
అన్నల్లారా, పొద్దుట్నించి తాడు తాడని కొట్టుకుంటా ఉండారు. నిన్న ఉన్న సందు ఇయ్యాల అక్కడే ఉండదు. గాలివాన ఒకటి పోతే మెట్టలన్నీ మారిపోతాయి. ముందురోజు ఆఫీసర్లు తాడు కట్టించి పోతే తెల్లారేసరికి ఆ తాడు సందు మీదే ఉండొచ్చు. నడుము లోతు అనేదీ తప్పే. ఆ లోతులో అల లేపితే కాళ్ళు నేలకి ఆనవు. ఇంకోటి, పౌర్ణమికి పోటూ పాటూ రెండూ ఎక్కువ. పాటు తీసేటప్పుడు, అంటే నీళ్ళు వెనక్కి తగ్గేటప్పుడు, లాగుడు పెరుగుద్ది.

మీరెవరూ అడగని మాట చెప్తా. ఎవరన్నా కొట్టుకుపోతే మా జాలర్ల పాళెంలో తలుపులు తడతారు. యాట మానుకుని పోతాం, డీజిలు మాదే, శవం మోసేదీ మేమే. అదే మనుషులు పొద్దున దిగబోయేటప్పుడు ఇక్కడొద్దయ్యా అంటే "సముద్రం మీదా?" అంటారు.

అలల_ఒంగోలు:
ఆ మాట ఊరికే రాలేదు. పడవలున్న చోటల్లా దిగొద్దంటారు. ఒడ్డు అందరిదీ కాదా?

పాళెం_మనిషి:
పడవ ఒడ్డెక్కేటప్పుడు అల వెనక నుంచి తోస్తా ఉంటది, ఆపడం మా చేతుల్లో ఉండదు. ఇంజను ఫ్యాను తగిలితే కాలు పోద్ది. అదొక్కటే కాదు. అల విరగని చోటు చూసి పడవ లోపలికి తోస్తాం. మీరు చెప్పిన సందు అదే సామీ! నీళ్ళు లోపలికి పోతా పడవని తీసుకుపోతాయి. మీ కంటికి నెమ్మదిగా కనపడేది మా పడవదారి. అక్కడ దిగొద్దంటే ఒడ్డు కాజేస్తన్నామని అనుకుంటారు.

కొండపి_వైద్యం:
ఒక్క విషయం. బయటికి తెచ్చినోళ్ళ పొట్ట నొక్కడం, తలకిందులుగా తిప్పడం వద్దు. కడుపులో నీళ్ళు, అన్నం పైకొచ్చి ఊపిరితిత్తుల్లోకి పోతాయి. ఊపిరి ఆడకపోతే ముందు నోటితో 5 సార్లు ఊపిరివ్వాలి. తర్వాత రొమ్ము మధ్యలో 30 సార్లు నొక్కి 2 సార్లు ఊపిరివ్వాలి, మళ్ళీ 30. లోతు 5 సెంటీమీటర్లు, వేగం నిమిషానికి 100 నుంచి 120. 108 వచ్చేదాకా ఆపొద్దు. కాపాడబోయేవాళ్ళు ఉత్త చేతుల్తో దూకొద్దు. మూత గట్టిగా బిగించిన 20 లీటర్ల ఖాళీ క్యాన్‌కి తాడు కట్టి విసిరితే ఇద్దర్ని తేల్చుద్ది. మెరైన్ పోలీసు నంబరు 1093.

పెన్నగట్టు:
అయితే తాడు ఎక్కడ కట్టాలో పాళెం పెద్దలే ఆరోజు వెలుగొచ్చాక నీళ్ళు చూసి చెప్పాలి. సందుకి రెండు పక్కలా ఎర్రజెండాలు పాతాలి. వాళ్ళ రోజు కూలీ, డీజిలు పంచాయతీ ఇవ్వాలి.

పాళెం_మనిషి:
కూలీ ఒక్కటే చాలదు. మేం పాతిన జెండా పీకేసినోడికి పోలీసు జవాబు చెప్పాల. లేకపోతే ఆ జెండా మేమెందుకు పాతాల?

అలల_ఒంగోలు:
జెండాలకి సరే. ఎర్రజెండా పక్క నుంచి పోనుగాక పోను. కానీ జనం తగ్గాక, తొమ్మిది తర్వాత, మెట్ట ఉన్న వైపు ఛాతీ లోతులో ఈదుతాం. దానికి మాత్రం అడ్డు చెప్పొద్దు.

పాళెం_మనిషి:
తొమ్మిదా పదా అని గడియారం చూడబాకండి. పాటు తీస్తా ఉందో లేదో మమ్మల్ని అడిగి దిగండి.

సరుగుడుతోపు:
జెండాలకి ఏ బొంగులు వాడతారు? పొడి ఇసుకలో నాలుగడుగులు దిగేసి పాతితేనే గాలికి నిలబడతాయి.