కయ్యాలు వాళ్లవి, వియ్యాలు నీవి: ఒక లాటిన్ పద్యానికి తెలుగు

ప్రశ్న

ఆస్ట్రియాని ఏలిన హాబ్స్‌బర్గ్ రాజవంశం మీద ఏ చరిత్ర పుస్తకం తెరిచినా ఒక లాటిన్ పద్యం ఎదురవుతోంది. ఒక అధ్యాయం తెలుగు చేస్తున్నాను, సరిగ్గా ఇక్కడే బండి ఆగింది.

బెల్లా గెరంట్ అలియీ, తూ ఫెలిక్స్ ఆస్ట్రియా నూబే.
నామ్ క్వే మార్స్ అలియీస్, దాట్ తిబి దీవా వేనుస్.

"యుద్ధాలు ఇతరులు చేయనీ. అదృష్టవంతురాలివైన ఆస్ట్రియా, నువ్వు పెళ్లి చేసుకో. మార్స్ ఇతరులకు ఇచ్చేవి నీకు వీనస్ దేవత ఇస్తుంది" అని రాశాను (మార్స్ రోమన్ల యుద్ధదేవుడు, వీనస్ ప్రేమదేవత). అర్థం వచ్చింది గానీ చప్పగా ఉంది. దేశం పెళ్లి చేసుకోవడమేంటని మా ఇంట్లోనే అడిగారు. ఎవరైనా దారి చూపించండి.

జవాబు

అమ్మా, దీనికి తెలుగులో జంట మాటలు ముందే ఉన్నాయి. "కయ్యానికైనా వియ్యానికైనా సమ ఉజ్జీ ఉండాలి" అనే సామెత వినని వాళ్లుండరు. బెల్లా ఉన్నచోట కయ్యం, నూబే ఉన్నచోట వియ్యం పెట్టి చూడండి. చప్పదనం పోతుంది.

మాటలు ప్రాసకి కుదిరాయని మాత్రమే చెప్పడం లేదు. పెళ్లి ఇద్దరిది, వియ్యం రెండిళ్లది. ఈ పద్యం వెనక ఉన్నవన్నీ వియ్యాలే. 1515 జూలై 22న వియన్నాలో సెయింట్ స్టీఫెన్ చర్చిలో జరిగింది చూడండి. హాబ్స్‌బర్గ్ చక్రవర్తి మాక్సిమిలియన్ మనవరాలు మేరీకి తొమ్మిదేళ్లు. హంగరీ రాజు వ్లాదిస్లావ్ కొడుకు లూయీకీ తొమ్మిదేళ్లే. వాళ్లిద్దరికీ ముడి వేశారు. లూయీ అక్క ఆనాకు మర్నాటితో పన్నెండు నిండుతాయి. ఆమెకి వరుడు మాక్సిమిలియన్ మనవళ్లలో ఒకడు, కానీ ఛార్లెస్సా, ఫెర్డినాండా అన్నది ఇంకా తేలలేదు. అందుకని యాభయ్యారేళ్ల తాతగారే వరుడి స్థానంలో నిలబడి కార్యం కానిచ్చారు. ఆనాకి ఫెర్డినాండ్‌తో అసలు పెళ్లి 1521లో లింట్జ్‌లో అయింది. ఇందులో "పెళ్లి చేసుకో" అనదగ్గ మనిషి ఎక్కడున్నాడు చెప్పండి? చేసుకున్నది పెద్దలు, అదీ వియ్యం. దేశం వియ్యమందడంలో మీ ఇంట్లోవాళ్లకీ అభ్యంతరం ఉండదు.

నూబే అన్న క్రియ ఆడవాళ్లదే. రోమన్లు దాన్ని వధువుకే వాడేవారు, పెళ్లికూతురి ముసుగుతో ముడిపెట్టి చెప్పేవారు. మగవాడు చేసుకుంటే "భార్యను తీసుకెళ్లడం" అనేవారు. ఆస్ట్రియా పేరు స్త్రీలింగం కాబట్టి కవి దర్జాగా పెళ్లికూతురి క్రియ వాడేశాడు. వియ్యంలో ఆ ఛాయ రాదు, ఒప్పుకుంటాను. ఆ లోటు ఫెలిక్స్ దగ్గర తీర్చుకోవచ్చు. ఫెలిక్స్ అంటే ఉత్త అదృష్టం కాదు, కాపు కాసే చెట్టుని కూడా రోమన్లు ఫెలిక్స్ అనేవారు. వచనంలో అయితే నేను "సౌభాగ్యవతీ" అంటాను. శుభలేఖల్లో పెళ్లికూతురి పేరు ముందు చి.ల.సౌ. వేస్తాం కదా, చదివేవాళ్లకి పెళ్లి వాసన దానంతటదే తగులుతుంది.

రెండో పాదంలో మార్స్, వీనస్ పేర్లు అలాగే ఉంచకండి. మనకి కుజుడు ఉన్నాడు, శుక్రుడు ఉన్నాడు. కుజదోషం పేరు చెప్పి ఎన్ని సంబంధాలు వెనక్కి పోతాయో తెలియంది కాదు. శుక్రుడేమో జాతకంలో కళత్రకారకుడు. "కుజుడు వాళ్లకిచ్చేది నీకు శుక్రుడే ఇస్తాడు" అంటే తెలుగువాడికి ఫుట్‌నోట్ అక్కర్లేదు. ఒక్కటే ఇబ్బంది, మన శుక్రుడు గడ్డమున్న రాక్షసగురువు, అక్కడ ఉన్నది దేవత. ఆమాత్రం సర్దుకోవచ్చు.

లాటిన్‌లో ఇది రెండు పాదాల పద్యం కాబట్టి ద్విపదలో పట్టి చూశాను. మొదటి పాదానికే రెండు పాదాలూ అయిపోయాయి:

కయ్యముల్ పరులకే కానిమ్ము ధన్య!
వియ్యము లాస్ట్రియా! వెలయింపుమమ్మ!

గెరంట్ అన్నది "చేసుకుంటే చేసుకోనీ" అనే ధోరణిలో ఉన్న క్రియ. ఆ పని కానిమ్ము చేసిపెట్టింది.

మరో సభ్యుడు

మాస్టారూ, ద్విపద బాగుంది. యతి పడింది, ప్రాస అయితే కొని తెచ్చినట్టు కుదిరింది. "ధన్య" ఒక పాదంలో, "ఆస్ట్రియా" ఇంకో పాదంలో ఉండటం ఒక్కటే కాస్త నొక్కు. కానీ నా బాధ అనువాదం గురించి కాదు, పద్యం గురించి. వృత్తిరీత్యా వీలునామాలూ వారసత్వాలూ చూసేవాణ్ణి కాబట్టి అడుగుతున్నాను: ఈ వంశం కయ్యం లేకుండా నిలబెట్టుకున్న పెద్ద వియ్యం ఏది?

మొదటిదే తీసుకోండి. 1477 జనవరిలో బర్గండీ ప్రభువు ఛార్లెస్ నాన్సీ దగ్గర యుద్ధంలో చచ్చిపోయాడు. కొడుకుల్లేరు, ఒక్కతే కూతురు మేరీ. ఆగస్టులో గెంట్ పట్టణంలో మాక్సిమిలియన్ ఆమెను చేసుకున్నాడు. అప్పటికే ఫ్రాన్స్ రాజు పదకొండో లూయీ ఆమె భూముల మీద పడి ఉన్నాడు. 1479లో గీనెగాట్ దగ్గర మాక్సిమిలియన్ కత్తి పట్టుకుని పోరాడాల్సి వచ్చింది. 1482లో మేరీ గుర్రం మీంచి పడి చనిపోయింది. ఆ తర్వాత అత్తగారి దేశం జనం అల్లుణ్ణి ఎంత బాగా చూసుకున్నారంటే, 1488లో బ్రూజ్ పట్టణంవాళ్లు ఆయన్ని పట్టి బంధించారు. ఫ్రాన్స్‌తో గొడవ సర్దుబాటు అయ్యేసరికి 1493.

మీరు చెప్పిన వియన్నా వియ్యం సంగతీ అంతే. ఆ తొమ్మిదేళ్ల లూయీ మరుసటి ఏడాదే హంగరీ రాజై, 1526లో మొహాచ్ దగ్గర ఉస్మానియా తురుష్కులతో యుద్ధంలో చనిపోయాడు. ఫెర్డినాండ్ "నా భార్య తమ్ముడి రాజ్యం" అంటూ ముందుకొచ్చాడు. ఇంకో వర్గం హంగరీ ప్రభువులు తమలో ఒకణ్ణి రాజుగా ఎన్నుకున్నారు. 1529లో సుల్తాన్ సులేమాన్ వియన్నాకే వచ్చి ముట్టడి వేశాడు. 1541లో హంగరీ రాజధాని బుడా తురుష్కుల చేతికి పోయింది. హంగరీలో ఎక్కువ భాగం ఒప్పందం మీద వీళ్లకి దక్కింది 1699లో. నూట డెబ్బయి మూడేళ్లు! వియ్యం ఇచ్చింది దావా వేసే హక్కు మాత్రమే, స్వాధీనం కాదు. కోర్టులో డిక్రీ చేతికొచ్చాక అమలు చేయించుకోవడానికి తిరిగే పార్టీలు మాకు రోజూ కనిపిస్తుంటారు.

ఇక మన గుంపుకి పనికొచ్చే ముచ్చట ఒకటి. హాబ్స్‌బర్గ్ చక్రవర్తి ఆరో ఛార్లెస్ 1713లో ప్రాగ్మాటిక్ శాంక్షన్ అనే శాసనం చేశాడు: మగపిల్లలు లేకపోతే రాజ్యం ముక్కలు కాకుండా తన కూతుళ్లకి రావాలని. అప్పటికి ఆయనకి కూతుళ్లే లేరు, మరియా థెరీసా పుట్టింది 1717లో. యూరప్ రాజులందరి చేతా సంతకాలు పెట్టించుకోవడానికి మిగతా జీవితం ఖర్చుపెట్టాడు. 1740 అక్టోబరులో పోయాడు. డిసెంబరుకల్లా ప్రష్యా రాజు ఫ్రెడరిక్ హాబ్స్‌బర్గుల ప్రాంతమైన సైలీషియాలో దిగాడు. బవేరియా ప్రభువు (ఎలెక్టర్) ఛార్లెస్ ఆల్బర్ట్ మాత్రం సైన్యంతో పాటు దస్తావేజు కూడా చూపించాడు. లింట్జ్‌లో పెళ్లయిన ఆ ఫెర్డినాండ్ కూతురు (ఈమె పేరూ ఆనాయే) 1546లో బవేరియా ఇంటి కోడలైంది. ఫెర్డినాండ్ వీలునామా ప్రకారం "పురుష సంతానం" లేకపోతే ఆస్తి ఆనా వంశానికి రావాలి అని వాళ్ల వాదన. వియన్నాలో అసలు ప్రతి తీసి చూపించారు. అందులో ఉన్న మాట "ఔరస సంతానం". అంటే ధర్మంగా పుట్టిన కూతురు ఉన్నంతకాలం బవేరియా వంతు రాదు. కేసు ఒక విశేషణం మీద ఎగిరిపోయింది. అయినా యుద్ధం ఆగలేదు, 1748 దాకా సాగింది. సైలీషియా పోనే పోయింది.

వియ్యాల వల్ల వచ్చిన కయ్యాలే ఇన్ని ఉంటే, "కయ్యాలు పరులకే" అని పొగడటం ఏమిటి?

జవాబు

మీ దావా న్యాయమైనదే. కానీ ఇది పొగడ్తే అని ఎవరన్నారు? వియన్నాని 1485లో పట్టుకున్న హంగరీ రాజు మత్యాస్ కొర్వీనస్ దీన్ని ఎద్దేవాగా అన్నాడని చాలాకాలంగా చెప్పుకుంటున్నారు. నేను నమ్మను. ఆయన 1490లోనే పోయాడు. మాక్సిమిలియన్ కొడుక్కి స్పెయిన్ రాకుమారితో పెళ్లి అయింది 1496లో. అప్పటికి ఒక్క బర్గండీ పెళ్లి మాత్రమే ఉంది, దాని మీద ఇంత పేరు రాదు. ఎవరు కట్టారో గానీ, పొగుడుతున్నట్టే ఉంటూ పక్క నుంచి గిల్లే పద్యం ఇది.

గిల్లుడు ఎక్కడుందంటే ఎత్తుగడలో. "బెల్లా గెరంట్ అలియీ" కవి సొంతం కాదు, రోమన్ కవి ఓవిడ్ దగ్గర ఎత్తుకున్నాడు. ట్రాయ్ యుద్ధానికి వెళ్లిన మొగుడు ప్రొటెసిలావుస్‌కి లావొడమియా ఉత్తరం రాస్తూ, "యుద్ధాలు ఇతరులు చేయనీ, ప్రొటెసిలావుస్ ప్రేమించనీ" అంటుంది. ఆయన వినలేదు. ట్రాయ్ నేల మీద అందరికన్నా ముందు దూకాడు, అందరికన్నా ముందు చచ్చాడు. చదువుకున్న యూరోపియన్‌కి ఆ మూడు మాటలు వినగానే ఈ కథ గుర్తుకొచ్చేది. వద్దన్నా యుద్ధంలోకి దూకినవాడి భార్య మాటని తెచ్చి ఆస్ట్రియాకి అప్పజెప్పడం అమాయకంగా చేసిన పని అనుకోను.

సామెత సంగతి కూడా చెప్పాలి. మనవాళ్లు రెండింటికీ సమ ఉజ్జీ కావాలన్నారు. హాబ్స్‌బర్గులు దానికి అడ్డంగా నడిచారు, మొదట్లో చేతిలో డబ్బు ఆడని ఇల్లు, తమకన్నా కలిగిన ఇంటికే వియ్యానికి వెళ్లింది. చివర్లో తిరగబడింది. 1809లో నెపోలియన్ చేతిలో ఓడిపోయాక 1810లో పిల్లనిచ్చారు. మరియా లూయీసాని ఇచ్చిన మామగారే 1813లో అల్లుడి మీద యుద్ధం ప్రకటించారు.

అమ్మా, మీరు "కానిమ్ము" వదలకండి. కయ్యం వాళ్లకి రాసిపెట్టి ఉందని కాదు, "పోనీ, వాళ్లనే చేసుకోనీ" అన్న నిర్లక్ష్యం అందులో ఉంది. ఆ ఎత్తిపొడుపు పోతే పద్యం పెళ్లిపాట అయిపోతుంది.

ప్రశ్న అడిగినావిడ

ఇద్దరికీ నమస్కారాలు. ద్విపద అధ్యాయం నెత్తిన పెడుతున్నాను. కింద వచనంలో ఇలా రాశాను: "కయ్యాలు వాళ్లని చేసుకోనీ, సౌభాగ్యవతీ ఆస్ట్రియా, నువ్వు వియ్యాలందుకో. కుజుడు వాళ్లకిచ్చేది నీకు శుక్రుడే ఇస్తాడు." లావొడమియా ఉత్తరం సంగతి ఫుట్‌నోట్‌లో వేస్తాను. మరియా థెరీసా అధ్యాయం ఇంకా మొదలుపెట్టలేదు. అందులో "ఔరస" మాట వాడుకుంటున్నాను, వకీలు గారికి అభ్యంతరం లేకపోతే. ప్రాగ్మాటిక్ శాంక్షన్‌కి మాత్రం "వారసత్వ శాసనం" అంటే చాలా, ఇంకేమైనా మంచి మాట ఉందా?