న్యూజిలాండ్‌లో రెండు ఓట్ల లెక్క తెలిసినవాళ్లు కాస్త చెప్పండి

నమస్తే అండి. ఆక్లాండ్‌లో ఉంటున్నాం, రెసిడెన్సీ వచ్చి రెండేళ్లయింది, పౌరసత్వం లేకపోయినా ఇక్కడ ఓటు ఇస్తారు కాబట్టి ఈసారి మొదటిసారి వేయబోతున్నాను. నమూనా బ్యాలెట్ ముందు పెట్టుకుని కూర్చున్నా, ఎడమవైపు పార్టీలు, కుడివైపు అభ్యర్థులు, చెరో టిక్కు. పార్లమెంటులో ఎవరికెన్ని సీట్లో తేల్చేది పార్టీ ఓటే, దాంట్లో వచ్చిన శాతాన్ని బట్టి సీట్లు పంచుతారు. 2024లో మన ఆంధ్రలో 39 శాతం ఓట్లొచ్చిన పార్టీకి 175లో 11 సీట్లే దక్కాయి కదా, ఏ పార్టీ అన్నది పక్కన పెట్టండి, అన్ని లక్షల మంది ఓటు సభలో కనపడకపోవడం నాకు బాధేసింది. అందుకే 1996 నుంచి ఇక్కడ నడుస్తున్న ఈ పద్ధతి చూస్తే ముచ్చటేసింది.

కానీ ఒకచోట ఆగిపోయాను. ఈ పంపకంలో వాటా దక్కాలంటే పార్టీకి 5 శాతం పార్టీ ఓట్లైనా రావాలి, లేదా ఒక్క నియోజకవర్గమైనా గెలవాలి. 2008లో న్యూజిలాండ్ ఫస్ట్ అనే పార్టీకి 4.07 శాతం వచ్చినా ఒక్క సీటూ లేదు, యాక్ట్ పార్టీకి 3.65 శాతమే, అయినా ఎప్సమ్ నియోజకవర్గంలో గెలిచింది కాబట్టి మొత్తం 5 సీట్లు! ఇదెక్కడి న్యాయం అనిపించింది.

నాకు నచ్చింది చిన్న పార్టీ. అది 5 శాతం దాటకపోతే నా ఓటు లెక్కలోంచి పూర్తిగా పోయినట్టేనా? అభ్యర్థి ఓటు వేరే పార్టీ మనిషికి వేస్తే ఏమైనా తేడా వస్తుందా? మా ఆవిడ నచ్చినదానికే వెయ్యమంటోంది, నాకేమో మొదటి ఓటే వృథా అవుతుందేమోనని టెన్షన్. ఇక్కడ ఏళ్లుగా ఓటేస్తున్నవాళ్లు మీరైతే ఏం చేస్తారో చెప్పండి, ప్లీజ్.