'వట్టి ఆకర్షణ' అనే మాట గురించి

సభ్యులందరికీ నమస్కారం. నేను నల్లగొండలో ఇంటర్మీడియట్ విద్యార్థులకు తెలుగు బోధిస్తాను. మొన్న పాఠం ముగిశాక ఒక అమ్మాయి ఆగి ఇలా అడిగింది: "సార్, అది ప్రేమ కాదు, వట్టి ఆకర్షణ అని పెద్దలు అంటారు కదా. ఒకరు మాట్లాడుతుంటే నాకు వింటూనే ఉండాలనిపిస్తుంది, అంతకు మించి ఏమీ అనిపించదు. ఇది కూడా వట్టి ఆకర్షణేనా?" నేను వెంటనే జవాబు చెప్పలేకపోయాను. ఆకర్షణ అనే మాటను మనం మందలించడానికే వాడుతూ వచ్చాం గాని, దానిలో ఎన్ని రకాలున్నాయో విడదీసి చూడలేదని అప్పుడు తోచింది.

ఆకర్షణలోని ధాతువు 'కృష్'. దానికి లాగడమనీ దున్నడమనీ రెండర్థాలు ఉన్నాయి. కృషి, కర్షకుడు అనే మాటలు కూడా దాని నుండి పుట్టినవే. మన వైపు వాడుకలో దీనికి సరిగ్గా సరిపోయే మాట 'గుంజుడు'. కూతురిని అత్తవారింటికి పంపిన తల్లి "బిడ్డ మీదికి పానం గుంజుతున్నది" అంటుంది. బతుకుదెరువుకు ముంబయి పోయిన పాలమూరు కూలీ ఊరి మీదికి పానం గుంజుతున్నదని అంటాడు. ఈ గుంజుడులో శరీరవాంఛ ఊసే లేదు, అయినా ఇది అక్షరాలా ఆకర్షణే. కనుక 'వట్టి' అన్నది ఆ మాటతో పుట్టిన విశేషణం కాదు, మనం తగిలించినది.

లైంగిక ఆకర్షణ వేరు, ప్రణయాకర్షణ వేరు అన్న సంగతి ఇప్పుడు స్పష్టంగా చర్చకు వస్తున్నది. ఒకరితో జీవితం పంచుకోవాలని గాఢంగా కోరుకుంటూనే శరీరవాంఛ కలగనివారు ఉన్నారు. వాంఛ కలిగినా జంటగా బతకాలన్న కోరిక లేనివారూ ఉన్నారు. 2001లో డేవిడ్ జే అమెరికాలో ప్రారంభించిన ఆన్‌లైన్ వేదిక వంటి చోట్ల అలైంగికులు, అంటే ఎవరి పట్లా లైంగిక ఆకర్షణ కలగనివారు, తమ అనుభవాన్ని చెప్పుకోవడానికి ఈ తేడాను ఎంతో శ్రద్ధగా మాటల్లో పెట్టారు. రూపం పట్ల కలిగే ఆకర్షణను కూడా వారు విడిగానే చూస్తారు. పానగల్లు పచ్చల సోమేశ్వరాలయపు శిల్పాల ముందు మనం కన్నార్పకుండా నిలబడతాం, వాటిని ఇంటికి తెచ్చుకోవాలని అనుకోం. ఒక ముఖాన్ని చూసి "ఎంత సక్కగున్నది" అనడం కూడా చాలాసార్లు అంతవరకే.

నాకు అన్నిటికన్నా విలువైనదిగా కనిపించే మాట స్నేహం. 'స్నిహ్' అంటే జిడ్డుగా ఉండడం, అంటుకోవడం. ఆయుర్వేదంలో స్నేహమంటే నెయ్యి, నూనె వంటివి. అందుకే ఔషధంగా నెయ్యి తాగించడాన్ని స్నేహపానం అంటారు. ఆకర్షణ దూరంగా ఉన్నదానిని లాగితే స్నేహం దగ్గరికి వచ్చినదానిని అంటిపెట్టుకొంటుంది, మెత్తబరుస్తుంది. రాగం 'రంజ్' నుండి వచ్చింది, అంటే రంగు పట్టడం. మోహం 'ముహ్' నుండి వచ్చింది, అంటే తెలివి తప్పడం. ముగ్ధ, మూఢ అనే రెండు మాటలూ ఆ ధాతువు నుండే పుట్టాయని తెలిసినప్పుడు నేను చాలాసేపు ఆలోచనలో పడ్డాను.

అయితే ఆ అమ్మాయి అనుభవానికి వీటిలో ఏదీ సరిపోవడం లేదు. బౌద్ధికాకర్షణ అనవచ్చు గాని, అది పాఠ్యపుస్తకపు మాటలా ఉన్నది. మీకు తెలిసిన మాట చెప్పగలరా?

ఒక సభ్యురాలు, వనపర్తి నుండి:

సార్, మీరు మా 'రంధి'ని వదిలేశారు. ఒక మనిషి తలపే రాత్రింబగళ్లు మెదులుతూ, వారు తిరిగి తమను తలచుకొంటున్నారో లేదో అని కొట్టుకులాడే స్థితిని అమెరికన్ మనస్తత్వవేత్త డొరొతీ టెనోవ్ 1979లో తన పుస్తకంలో 'లిమరెన్స్' అనే కొత్త మాటతో వర్ణించారు. మా అమ్మమ్మ అటువంటివారిని చూసి "వానికి రంధి పట్టుకొన్నది" అనేది. ఇక మీ విద్యార్థిని విషయం. మంచి మాట, మంచి పాట అంటే ప్రాణం పెట్టేవారిని చెవి కోసుకొంటారని అంటాం కదా, అది సరిపోదా?

నా జవాబు:

అమ్మా, రంధి గురించి మీరు చెప్పినది సగం ఒప్పుకొంటాను. అప్పుల రంధి, వాన రాలేదన్న రంధి కూడా ఉన్నాయి గనుక ఆ మాట గుంజుడును కాక, గుంజుడు మిగిల్చే బాధను చెప్తుందని నా అభిప్రాయం. కాని 'చెవి కోసుకొను' నాకు తట్టనే లేదు. లాగబడుతున్నది కన్నూ కాదు, ఒళ్లూ కాదు, చెవి అని ఆ పలుకుబడే చెప్తున్నది. సోమవారం తరగతిలో ఆ అమ్మాయికి ఈ మాట చెప్తాను, మీ ఊరి నుండి వచ్చిందని కూడా చెప్తాను.