కికుయు, కంబా ఆచారాలు: హాబ్లీ రాసింది నమ్మాలా, పక్కన పడేయాలా?

ఆథి_సత్య
నేను కెన్యాలో ఆథి రివర్ అనే ఊళ్లో సిమెంటు ప్లాంటులో చేస్తున్నాను. నైరోబీకి దగ్గరే. మా షిఫ్టులో ఎక్కువమంది కంబా తెగవాళ్లు, మచాకోస్ వైపు వాళ్లు. తర్వాత కికుయులు. రోజూ కలిసి తింటాం కాబట్టి వీళ్ల గురించి కాస్త తెలుసుకుందామని హాబ్లీ అనే ఇంగ్లీషు అధికారి 1922లో వేసిన పుస్తకం స్కాన్ దించుకున్నాను. ఈయన 1890లో జియాలజిస్టుగా వచ్చి, తర్వాత ఉకాంబా ప్రావిన్సుకి కమిషనర్ అయ్యాడు. కికుయుల నమ్మకాలు, కంబాల నమ్మకాలు పక్కపక్కన పెట్టి రాశాడు.

అందులో థాహు అని ఒక అధ్యాయం ఉంది. మన మైల, అంటు లాంటిది. ఏయే పనులకి థాహు పడుతుందో జాబితా ఇచ్చాడు. శవాన్ని ముట్టుకుంటే పడుతుంది. పడుకున్న మంచం పట్టె విరిగినా పడుతుంది. అప్పుడు మొండో మొగో అనే వైద్యుణ్ణి పిలిచి మేకను కోయాలి.

నిన్న మా కంబా ఫోర్‌మన్‌కి ఫోన్‌లో చూపించాను. నవ్వి, "కమిషనర్ వచ్చి కూర్చుని అడిగితే మా తాత నిజం చెప్పి ఉంటాడనుకుంటున్నావా?" అన్నాడు. అప్పట్నుంచి చదవబుద్ధి కావడం లేదు. మీరేమంటారు?

వాంకిడి_మాస్టారు
చదవండి సత్యా. ఫోర్‌మన్ మాట బాగుంది గానీ, ఆ మాటతో పుస్తకం మూసేస్తే నష్టం మనకే.

హాబ్లీ ఒక్కడే కాదు. కంబాల మీద లిండ్‌బ్లోమ్ అనే స్వీడన్ ఆయన ఇంకా లోతుగా రాశాడు, 1920లో వచ్చింది. ఆయన కమిషనరూ కాదు, పన్ను వసూలు చేసేవాడూ కాదు. ఇక కికుయుల మీద లూయీ లీకీ. 1903లో కబేటేలో మిషనరీల ఇంట పుట్టాడు. కికుయు పిల్లలతో ఆడి, వాళ్ల ఈడు కుర్రాళ్లతో పాటే దీక్ష తీసుకుని వాళ్ల రీకాలో, అంటే ఆ వయసు జట్టులో, మనిషయ్యాడు. 1937 నుంచి 39 దాకా పెద్దల దగ్గర కూర్చుని మూడు సంపుటాలకి సరిపడా రాశాడు. అది అచ్చయింది 1977లో, ఆయన పోయాక. ఆ చెప్పిన పెద్దలు ఇప్పుడు లేరు. ఆ కాగితాలు లేకపోతే 1903కి ముందు దక్షిణ కికుయులు పొలం గట్టు ఎలా వేసుకునేవారో ఇవాళ ఎవర్ని అడుగుతాం?

గోలీసోడా
సత్య గారూ, మేకను కోసి? సగంలో ఆపేస్తే టెన్షన్ కదండీ.

ఆథి_సత్య
@గోలీసోడా దాని పొట్టలోని అరగని మేత తీసి ఆ మనిషికి పూస్తారు. తర్వాత మందు నాకించి ఉమ్మిస్తారు. థాహుని కక్కేసినట్టు లెక్క.

ఈతబుట్ట
మాస్టారు గారికి నమస్కారం. లీకీ కథ 1939 దగ్గరే ఎందుకు ఆగింది? మిగతాది నేను చెప్తాను.

మావు మావు అంటే తెల్లవాళ్ల పాలన మీద కికుయుల తిరుగుబాటు. దాని మీద 1952లో ఎమర్జెన్సీ పెట్టారు. అదే ఏడాది లీకీ మావు మావు మీద పుస్తకం వేశాడు. ఒట్టు ఎలా వేయిస్తారు, పాత ఆచారంలో ఏది ఉంది, ఏది లేదు అన్నీ చెప్పాడు. కపెంగురియాలో కికుయు నాయకుడు కెన్యాట్టా మీద కేసు నడిచినప్పుడు దుబాసీగా కూర్చున్నదీ ఆయనే. మావు మావు ఒట్టుకి విరుగుడుగా ప్రభుత్వం వేరే ఒట్లు వేయించింది. ఆ తెలివి దొరలకి ఎక్కణ్ణుంచి వచ్చింది? చిన్నప్పుడు పక్కన కూర్చుని ఆడుకున్న పిల్లల దగ్గర్నుంచి.

హాబ్లీ సంగతి సరే సరి. ఆ పుస్తకం పూర్తి పేరు చూడండి. నమ్మకాలు, మంత్రాలతో పాటు యుద్ధం తర్వాత తూర్పు ఆఫ్రికాని ఏం చేయాలన్న ఆలోచనలు కూడా ఒకే అట్ట కింద ఉన్నాయి. ముందుమాట ఫ్రేజర్‌ది. పుస్తకాల గదిలో కూర్చుని లోకంలోని ఆచారాలన్నీ పేర్చిన పెద్దమనిషి.

వాంకిడి_మాస్టారు
దుబాసీ విషయం సగమే చెప్పారు. కెన్యాట్టా తరఫు లాయర్లు అభ్యంతరం చెప్పారు, లీకీ మధ్యలోనే తప్పుకున్నాడు. భాష రావడం నేరమా?

ఈతబుట్ట
తప్పుకున్నాడా, తప్పుకోవాల్సి వచ్చిందా?

వాంకిడి_మాస్టారు
రెండింటికీ తేడా ఏముంది?

ఈతబుట్ట
చాలా ఉంది మాస్టారూ.

లెక్కలపంతులు
మధ్యలో వస్తున్నందుకు ఏమనుకోకండి. కికుయులకి తొమ్మిది గోత్రాలని ఒకచోట, పదని ఇంకోచోట చదివాను. ఇంత చిన్న లెక్కే కుదరనప్పుడు మిగతాది ఏం నమ్ముతాం?

ఆథి_సత్య
@లెక్కలపంతులు ఇక్కడ అడిగితే రెండూ చెప్తారండి. మూలపురుషుడు గికుయు, ఆయన భార్య ముంబి. వాళ్ల కూతుళ్ల పేర్ల మీదే గోత్రాలు. తొమ్మిది నిండింది అంటారు, పది అని నోటితో అనరు. మనుషుల్ని కచ్చితంగా లెక్కపెడితే కీడని పట్టింపు. లెక్క కుదరకపోవడమే ఆచారం అన్నమాట.

లెక్కలపంతులు
అంటే పదే కదా.

శశిరేఖ
ఇద్దరూ దొరల గురించే కొట్టుకుంటున్నారు. కెన్యాట్టా కూడా ఆంత్రోపాలజిస్టే. లండన్‌లో మలినోవ్‌స్కీ దగ్గర చదివి 1938లో కికుయుల మీద పుస్తకం వేశాడు, ముందుమాట మలినోవ్‌స్కీది. సొంత మనిషి రాశాడు కాబట్టి అదైనా నిజమా? అందులో ఆడపిల్లల ఇరువా గురించి, అంటే వాళ్లకి చేసే కోత గురించి, ఏమన్నాడు? అది లేకపోతే కికుయు సమాజమే నిలవదన్నాడు. 1929లో స్కాట్లండ్ మిషన్ వాళ్లు అది మానకపోతే చర్చిలో ఉండనివ్వమన్నారు. జనం వేల సంఖ్యలో బయటికొచ్చి సొంత బళ్లు పెట్టుకున్నారు. సరే, అది స్వాభిమానమే, ఒప్పుకుంటాను. కానీ కోయించుకున్న పిల్ల ఏమంది? మిషనరీ కాగితాల్లో లేదు, హాబ్లీలో లేదు, కెన్యాట్టాలోనూ లేదు. ముగ్గురూ ముసలివాళ్లనే అడిగారు, అందులోనూ మగవాళ్లనే.

2011లో అక్కడ చట్టం చేసి దాన్ని పూర్తిగా నిషేధించారు. ఒక డాక్టరమ్మే మా సంస్కృతి, మా ఇష్టం అని కోర్టుకెళ్లింది. 2021లో హైకోర్టు కొట్టేసింది. కాబట్టి మనవాళ్లు రాస్తే సరి అన్న మాట నాకు చెప్పకండి.

గోలీసోడా
మేడం, మనవాళ్లు రాస్తే సరి అని ఈ థ్రెడ్‌లో ఎవరూ అనలేదండీ.

శశిరేఖ
అనబోతున్నారు.

వాంకిడి_మాస్టారు
శశిరేఖ గారు నా మాటే చెప్పారు. ఎవరు రాసినా లోపాలుంటాయి. లోపాలు పట్టుకోవాలన్నా ముందు రాసింది ఉండాలి. ఈతబుట్ట గారికి చదివే ఓపిక లేదు, తీర్పు చెప్పే తొందర మాత్రం ఉంది. కిథిటు అనే ఒట్టు వస్తువు గురించి హాబ్లీ ఏం రాశాడో చదివారా? కంబాలు దాని మీద ఒట్టేస్తే అబద్ధం చెప్పినవాడు బతకడని నమ్మకం. ఆ భయం ఎంత గట్టిదో చూసి వలస కోర్టులే తగాదాల్లో కిథిటు ఒట్టుని ఒప్పుకున్నాయి. ఊరి న్యాయానికి కోర్టులో చోటు దొరికింది రాతవల్లే.

ఈతబుట్ట
ఓపిక లేదా? సరే మాస్టారూ, చెప్తాను వినండి.

మాది ఎరుకల కుటుంబం. మా ముత్తాతలు గాడిదల మీద ఉప్పు, ధాన్యం వేసుకుని ఊరూరా తిరిగి అమ్మేవాళ్లు. తెల్లవాళ్లు మా గురించి కూడా రాశారు. థర్స్టన్ ఏడు సంపుటాలు 1909లో వచ్చాయి, అంతకుముందే పోలీసు అధికారుల పుస్తకాలు ఉన్నాయి. మా ఇంటి పేర్లు, మా సైగల భాష, ఏ నెలలో ఎటు వెళ్తామో, ఆడవాళ్లు సోది ఎలా చెప్తారో, అన్నీ. ఎక్కువ భాగం కరెక్టే! మా నాయనమ్మ చదివించుకుని విని, అవునవును అంది. 1911లో క్రిమినల్ ట్రైబ్స్ చట్టం మద్రాసు రాష్ట్రానికి తెచ్చారు. మా తాత పుట్టేసరికే దొంగ. రాత్రిపూట పోలీసులకి హాజరు చెప్పాలి. పక్క ఊళ్లో చెల్లెలి పెళ్లికి వెళ్లాలంటే చీటీ కావాలి. చీటీ అందేసరికి తాళి కట్టడం అయిపోయింది. ఆ చట్టం దేశమంతా పోయేసరికి 1952 వచ్చింది.

మీరు మాటిమాటికీ నిజమా, అబద్ధమా అంటున్నారు. తప్పు రాసి ఉంటే మాకే మేలయ్యేది. ఎటు వెళ్తామో తప్పు రాసి ఉంటే పట్టుకునేవాళ్లు కాదు.

మోడరేటర్
వ్యక్తిగతం వద్దు. ఇద్దరూ కాస్త నెమ్మది.

వాంకిడి_మాస్టారు
మోడరేటర్ గారూ, ఉండనివ్వండి. ఇది వ్యక్తిగతమే.

ఈతబుట్టన్నా, నేను గోండుని. 1940లో కొమరం భీం చనిపోయాక నిజాం ప్రభుత్వానికి గోండుల సంగతి పట్టింది. హైమెండార్ఫ్ అనే ఆంత్రోపాలజిస్టు వచ్చి మార్లవాయిలో గుడిసె వేసుకున్నాడు. ఏ వాగు పక్కన ఎవరు దున్నుతున్నారు, ఎవర్ని అటవీశాఖ వెళ్లగొట్టింది, ఏ షావుకారు ఎవరి భూమి రాయించుకున్నాడు, ఇవన్నీ రాసి సర్కారుకి పెట్టాడు. పట్టాలిచ్చారు. మా తాత పేరున వచ్చిన కాగితం ఇప్పటికీ మా ఇనప్పెట్టెలో ఉంది. ఆయన భార్య సమాధి మార్లవాయిలోనే ఉంది, మావాళ్లు ఇప్పటికీ దణ్ణం పెట్టుకుంటారు. నన్ను ఆ రాతని తిట్టమంటే ఎలా తిట్టను?

ఈతబుట్ట
తిట్టమనలేదన్నా. మీకు పట్టా వచ్చింది, మాకు హాజరు పట్టీ వచ్చింది. రెండూ అలాంటి నోటుపుస్తకాల్లోంచే వచ్చాయి. కికుయులకి ఏం వచ్చిందో అది చెప్పండి.

వాంకిడి_మాస్టారు
కికుయుల గిథాకా, అంటే వంశం ఉమ్మడిగా అనుభవించే భూమి. 1921లో చీఫ్ జస్టిస్ బార్త్ తీర్పిచ్చాడు: ఆఫ్రికన్లకి ఆ హక్కేం లేదు, రాజుగారు ఉండనిస్తే ఉంటారు అని. గిథాకా అంటే ఏంటో ఆ జడ్జీకి సరిగ్గా రాసిచ్చినవాడుంటే...

ఈతబుట్ట
ఉన్నాడు. అంతకుముందే జిల్లా అధికారులు దాని మీద వ్యాసాలు రాశారు. 1929లో ప్రభుత్వమే కమిటీ వేసింది, అందులో మీ లీకీ కూడా సభ్యుడు. తర్వాత భూముల మీద వేసిన కార్టర్ కమిషన్ సంపుటాల కొద్దీ సాక్ష్యం తీసుకుంది. 1934లో రిపోర్టు ఇచ్చింది: ఆఫ్రికన్లకి వదిలిన రిజర్వులకి కాస్త నేల కలిపి, వాటి బయట పాత హక్కులన్నీ ఇక చెల్లవని. రాయక పోలేదన్నా, రాశాకే పోయింది.

శశిరేఖ
1987లో ఒటియెనో శవం కేసు గుర్తుందా? ఆయన లువో తెగ, భార్య వాంబుయి కికుయు. నైరోబీలో లాయరుగా బతికిన మనిషిని ఎక్కడ పాతాలన్నది గొడవ. ఆచారం ఏంటని కోర్టు సాక్షుల్ని పిలిచింది. సమాధులు తవ్వేవాడూ చెప్పాడు, ఒడేరా ఒరుకా అనే ఫిలాసఫీ ప్రొఫెసరూ చెప్పాడు. భార్య ఓడిపోయింది, వంశం వాళ్లు ఊరికి తీసుకెళ్లి పాతారు. దొర లేడు, వలస ప్రభుత్వం లేదు. అయినా చెప్పే నోరు ఎవరిదో చూడండి.

ఆథి_సత్య
ఇంత దూరం వస్తుందనుకోలేదు. ఇవాళ ఫోర్‌మన్‌ని మళ్లీ అడిగాను, మీ తాత నిజం చెప్పకపోవడానికి కారణమేంటని. పశువుల లెక్క అన్నాడు. కంబాలు పరువు కోసం అక్కర్లేనన్ని పశువుల్ని పెంచుతారని, అందుకే నేల కోసుకుపోతోందని అప్పట్లో అధికారులు గట్టిగా నమ్మారట. 1938లో బలవంతంగా తోలుకెళ్లి చౌకగా అమ్మించారు. అవి చేరింది ఎక్కడికంటే, ఈ ఆథి రివర్‌లోనే లీబిగ్ వాళ్లు పెట్టిన మాంసం ఫ్యాక్టరీకి. మ్వింది మ్బింగు అనే ఆయన వేలమందిని నడిపించుకుంటూ నైరోబీ వెళ్లి, గవర్నర్ వచ్చి మాట్లాడేదాకా కదలమని వారాల తరబడి కూర్చోబెట్టాడు. ఆయన్ని లాము దీవికి పంపేశారు గానీ, బలవంతపు అమ్మకాలు మాత్రం ఆపాల్సి వచ్చింది. ఫోర్‌మన్ వాళ్ల తాత ఆ నడకలో ఉన్నాడట. ఎన్ని ఆవులు పోయాయో ఇప్పటికీ ఇంట్లో పైకి చెప్పరట.

వాంకిడి_మాస్టారు
హాబ్లీ 1921లోనే రిటైరయ్యాడు. 1938 పాపం ఆయన నెత్తిన పెట్టకండి.

ఈతబుట్ట
ఆయన నెత్తిన ఎవరు పెట్టారు? ఆ పశువుల లెక్క ఎవరు రాశారని నేను అడగను. ఏ ఆఫీసు బీరువాలో పెట్టారు, తాళం ఎవరి దగ్గరుంది, అదీ నా ప్రశ్న. మొదట్నుంచీ అదే.

వాంకిడి_మాస్టారు
మొదట్నుంచీ అది కాదు, పైకెళ్లి చూసుకోండి. అయినా మంచి ప్రశ్నే. లిండ్‌బ్లోమ్‌లో పశువుల గురించి ఏముందో ఈ రాత్రి తిరగేస్తాను. పరువు కోసమని ఆయన కూడా రాసి ఉంటే మీ పక్షాన ఒక ముక్క రాస్తాను. మేపే పద్ధతి, కరువులో ఆవుల్ని బంధువుల మందల్లో పంచి ఉంచడం రాసి ఉంటే మాత్రం, చదవని అధికారులది తప్పంటాను. అప్పటిదాకా ఎవరూ థ్రెడ్ మూయకండి.